జెనెటిక్ అల్గారిథంకీ డార్విన్‌కీ ఉన్న సంబంధం పేరు వరకేనా?

మధు_సీఎస్ఈ
ఎంటెక్ మొదటి ఏడాది. సాఫ్ట్ కంప్యూటింగ్‌లో జెనెటిక్ అల్గారిథం పాఠం అయింది. ఒక సమస్యకి బోలెడు జవాబుల్ని జనాభాలా తీసుకుని, మంచివాటిని ఎంచుకుని, కలిపి, మార్చి, తరం తర్వాత తరం మెరుగుపరిచే పద్ధతి అది. మొదటి స్లైడ్‌లో డార్విన్ బొమ్మ, కింద "ప్రకృతి నుంచి ప్రేరణ" అని ఒక లైను. రెండో స్లైడ్ నుంచి క్రోమోజోమ్ అంటే బిట్ల వరస, క్రాసోవర్ అంటే రెండు వరసల్ని మధ్యలో కోసి మార్చి అతికించడం, మ్యుటేషన్ అంటే ఒక బిట్ తిప్పడం. డార్విన్ మళ్లీ కనిపించలేదు.

అసైన్‌మెంట్ ఏంటంటే కాలేజీ టైమ్‌టేబుల్ వేయడం. ఒకే గదిలో ఒకేసారి రెండు క్లాసులు పడకూడదు, ఒక లెక్చరర్‌కి ఒకే టైమ్‌లో రెండు సెక్షన్లు రాకూడదు, ల్యాబ్‌కి మూడు పీరియడ్లు వరసగా కావాలి. అన్ని షరతులూ తీరిన టైమ్‌టేబుల్‌కే మార్కులు పడేలా ఫిట్‌నెస్ (ఏ జవాబు ఎంత మంచిదో చెప్పే స్కోరు) రాశాను. రాత్రంతా నడిపినా ఏమీ రాలేదు. నా రూమ్మేట్ సిమ్యులేటెడ్ ఎనీలింగ్ అనే వేరే పద్ధతితో కాసేపట్లో పూర్తి చేసి పడుకున్నాడు.

నా ప్రశ్నలు రెండు. ఈ అల్గారిథంలో జీవశాస్త్రం నిజంగా పని చేస్తుందా, లేక అలంకారమేనా? రెండోది, మన కంప్యూటర్ సైన్స్ తిరిగి జీవశాస్త్రానికి ఏమైనా ఇచ్చిందా? నేను ఎంపీసీ, బయాలజీ పదో తరగతితోనే ఆగిపోయింది. కొంచెం విడమరిచి చెప్పండి.

పాతకోడ్
పేరు వరకే. చీమలు, తేనెటీగలు, గబ్బిలాలు, తోడేళ్లు, తిమింగలాలు... జూలో ఉన్న ప్రతి జంతువు మీదా ఒక అల్గారిథం వచ్చేసింది. ఆ పేర్లు తీసేసి సమీకరణాలు పక్కపక్కన పెట్టి చూడండి, చాలావాటికి తేడా దొరకదు. 2015లో సోరెన్సెన్ అనే ఆయన ఈ ధోరణిని గట్టిగా విమర్శిస్తూ పేపర్ రాశాడు. కొత్త జంతువు పేరు పెట్టినంత మాత్రాన కొత్త పద్ధతి కనిపెట్టినట్టు కాదు.

లెక్కలమాష్టారు
పాతకోడ్ గారు చెప్పింది ఈమధ్య వచ్చిన వరదకి వర్తిస్తుంది. మొదలు మాత్రం అలా జరగలేదు.

1964, బెర్లిన్ టెక్నికల్ యూనివర్సిటీ. ఇంగో రెచెన్‌బర్గ్, హాన్స్ పాల్ ష్వెఫెల్ అప్పటికింకా విద్యార్థులు. ఆరు చిన్న పలకల్ని వరసగా పెట్టి మధ్యలో ఐదు బందులు బిగించారు. ప్రతి బందునీ 51 కోణాల్లో ఎక్కడైనా ఆపొచ్చు. అంటే 51ని ఐదుసార్లు గుణిస్తే 34,50,25,251 ఆకారాలు. దీన్ని గాలి సొరంగంలో పెట్టి, గాలికి తక్కువ అడ్డుపడే ఆకారం ఏదో వెతకాలి. అన్నీ కొలిచి చూడటం ఒక జన్మలో అయ్యే పని కాదు.

వాళ్లు చేసింది ఇది. మేకులు కొట్టిన చెక్క మీద నుంచి గోళీలు జారవిడిచారు. గోళీ మేకులకి తగులుతూ కింద ఏ అరలో పడితే దాన్ని బట్టి బందు ఎంత తిప్పాలో తేల్చారు. మధ్య అరల్లో ఎక్కువ పడతాయి కాబట్టి చిన్న మార్పులు తరచుగా, పెద్ద మార్పులు ఎప్పుడో ఒకసారి వస్తాయి. ఐదు బందుల్నీ అలా మార్చి కొలుస్తారు. మెరుగైతే ఉంచుతారు, లేకపోతే పాత ఆకారానికి తిరిగి వెళ్తారు. జిగ్‌జాగ్‌గా మడిచిన ఆకారంతో మొదలుపెడితే క్రమంగా దాదాపు చదునైన పలక దగ్గరికి వచ్చి ఆగింది.

ఇందులో కంప్యూటర్ లేదు, గమనించండి. చేతులు, గోళీలు, ఒక గాలి సొరంగం. మ్యుటేషన్, వరణం (మెరుగైనవే నిలిచే ఎంపిక) ఈ రెండింటినే ఇంజనీరింగ్ పద్ధతిగా వాడొచ్చా అన్నదే వాళ్ల ప్రశ్న.

చిట్టి_తల్లి
చదును పలకకే గాలి ఒరిపిడి తక్కువని ముందే తెలుసు కదా మాష్టారూ? అంత కష్టం దేనికి?

లెక్కలమాష్టారు
తెలుసు కాబట్టే దాన్ని ఎంచుకున్నారమ్మా. జవాబు తెలిసిన లెక్కతోనే కొత్త పద్ధతిని పరీక్షించాలి. పద్ధతి మీద నమ్మకం కుదిరాక జవాబు తెలియని లెక్కలకి వెళ్లారు. పైపు వంపులు, జెట్ నాజిళ్లు అన్నీ ఆ తర్వాతే.

జెనెటిక్ అల్గారిథంకి మూలపురుషుడైన, అమెరికాలో మిషిగన్ యూనివర్సిటీలోని జాన్ హాలండ్ దారి వేరు. 1975లో పుస్తకం వేసేటప్పటికి ఆయన పట్టించుకున్నది టైమ్‌టేబుళ్లని కాదు. జీవులు, యంత్రాలు పరిసరాలకి ఎలా సర్దుకుంటాయో ఒకే గణితంలో చెప్పగలమా అన్నదాన్ని. మనవాళ్లు అందులోంచి అల్గారిథం ఒక్కటే కోసుకుని సిలబస్‌లో పెట్టారు, ప్రశ్నని వదిలేశారు. మధు చూసిన డార్విన్ స్లైడ్ అలా మిగిలిందే.

బైపీసీ_భారతి
రెండో ప్రశ్నకి నేను చెప్తాను, అది నా రోజువారీ పని. జీవుల వంశవృక్షాలు కట్టే ల్యాబ్‌లో పని చేస్తున్నాను.

పది జాతుల జన్యువుల వరసలు ఇచ్చి "ఎవరు ఎవరికి దగ్గర చుట్టం" అని అడిగితే ఎన్ని వృక్షాలు సాధ్యమో తెలుసా? వేరుతో సహా లెక్కేస్తే 3,44,59,425. ఇరవై జాతులైతే 8 పక్కన 21 సున్నాలు పెట్టుకోండి. వాటిలో ఒక్కటే నిజంగా జరిగిన చరిత్ర. అతి తక్కువ మార్పులతో వివరించగల వృక్షాన్ని కనిపెట్టడం ఎన్‌పీ-హార్డ్ (వేగంగా కచ్చితంగా తేల్చే పద్ధతి ఏదీ తెలియని రకం లెక్క) అని 1982లోనే నిరూపించారు. డార్విన్ నోటుబుక్‌లో గీసుకున్న చెట్టుని డేటాతో గీయాలంటే అల్గారిథం లేకుండా ఒక్క అడుగు పడదు.

కోవిడ్ రోజుల్లో ఇది కళ్లారా చూశాం. వైరస్ జన్యువు సుమారు 30 వేల అక్షరాలు. 2020 చివర్లో మన రెండు రాష్ట్రాల్లో ఎన్440కే మార్పు ఉన్న రకం బాగా కనిపించింది, 2021 వేసవిలో డెల్టా దాన్ని పక్కకి నెట్టేసింది. అప్పుడు ప్రపంచమంతా లక్షల వరసలు వచ్చి పడుతుంటే ప్రతిసారీ చెట్టు మొదటి నుంచీ కట్టడం కుదరదు. శాంతాక్రజ్‌లో యతీశ్ తురఖియా బృందం చేసిన ఆషర్ అనే ప్రోగ్రాం, కొత్త వరసని ఉన్న చెట్టులో ఏ కొమ్మకి అతికిస్తే అతి తక్కువ అదనపు మార్పులు అవసరమవుతాయో చూసి అక్కడ పెడుతుంది. కొమ్మల మీద మార్పుల్ని మాత్రమే దాచుకుంటుంది, పూర్తి వరసల్ని కాదు. అందుకే అంత వేగం. ఆ డేటా స్ట్రక్చర్ ఎంత బాగుంటుందో సీఎస్ వాళ్లు ఒకసారి చూడాలి.

మధు_సీఎస్ఈ
పది జాతులకే మూడున్నర కోట్లా? ఎలా లెక్కేశారు?

బైపీసీ_భారతి
రెండు జాతులకి చెట్టు ఒక్కటే. మూడోదాన్ని మూడు చోట్ల అతికించొచ్చు: ఆ రెండు కొమ్మల్లో ఏదో ఒకదానికి, లేదా వేరుకి కిందగా. ఒకటి అతికించిన ప్రతిసారీ అతికించగల చోట్లు రెండు పెరుగుతాయి. కాబట్టి నాలుగోదానికి 5, ఐదోదానికి 7, అలా పదోదానికి 17. 3×5×7×9×11×13×15×17 వేసి చూడండి.

హన్మకొండ_రాజు
కాలిక్యులేటర్ తీసి మరీ చూసిన. కరెక్టే.

పాతకోడ్
భారతి గారూ, మీరు చెప్పింది బాగుంది కానీ అది పనిముట్టుగా వాడటం. వాతావరణ శాఖ కూడా కంప్యూటర్ వాడుతుంది, అంతమాత్రాన రుతుపవనాలకీ కంప్యూటర్ సైన్స్‌కీ సంబంధం ఉందంటామా? మధు అడిగింది ఆలోచనల మధ్య సంబంధం గురించి.

బైపీసీ_భారతి
పనిముట్టు మాత్రమే అయితే ఒకవైపు నుంచే వచ్చేది. 1970లో నీడిల్‌మన్, ఊన్ష్ రెండు ప్రోటీన్ వరసల్ని పోల్చడానికి ఒక పట్టిక పద్ధతి చెప్పారు. ఒక వరస అడ్డంగా, ఇంకోటి నిలువుగా రాసి, ప్రతి గడిలో "ఇక్కడిదాకా అత్యుత్తమం ఎంత" అని పై గడి, పక్క గడి, ఐమూల గడి చూసి నింపుకుంటూ పోవడం. 1974లో వాగ్నర్, ఫిషర్ రెండు పదాల మధ్య ఎడిట్ దూరానికి (ఒకదాన్ని ఇంకోదిగా మార్చడానికి ఎన్ని అక్షర మార్పులు కావాలన్న లెక్కకి) దాదాపు అదే పట్టిక సీఎస్ వాళ్లకి చెప్పారు. అల్గారిథంల పరీక్షలో మీరంతా నింపిన ఆ పట్టికని అప్పటికి నాలుగేళ్లుగా ప్రోటీన్ల వాళ్లు నింపుతూనే ఉన్నారు.

చిట్టి_తల్లి
ఎంపీసీ, బైపీసీ ఒకే థ్రెడ్‌లో కొట్టుకోకుండా ఇంతసేపు ఉండటం చూస్తుంటే ఇంటర్ రోజుల్లోకి వెళ్లి అందరికీ చూపించాలని ఉంది.

నిరూపణ_కావాలి
పాతకోడ్ గారు అడిగిన ఆలోచనల సంబంధానికి వస్తాను. మధు రూమ్మేట్ సంగతి చిన్న విషయం కాదు. అసలు ప్రశ్న అక్కడే ఉంది.

ఎనీలింగ్ అంటే ఒంటరిగా తిరుగుతూ చిన్న చిన్న మార్పులతో మెరుగుపడటం. జీవుల భాషలో చెప్పాలంటే జత కట్టకుండా పిల్లల్ని కనడం. జెనెటిక్ అల్గారిథం అంటే ఇద్దరి జన్యువుల్ని కలిపి కనడం. ఇంజనీరింగ్ లెక్కల్లో మొదటిది రెండోదాన్ని తరచుగా ఓడిస్తుంది. ప్రకృతిలో చూస్తే మొక్కలు, జంతువుల్లో అత్యధిక భాగం రెండో పద్ధతినే పట్టుకున్నాయి. బాగా పని చేయని పద్ధతి ఇంతగా ఎలా నిలబడింది? క్రిస్టోస్ పాపదిమిత్రియు అనే కంప్యూటర్ సైంటిస్టుని పట్టి కుదిపింది ఈ వైరుధ్యమే.

2008లో లివ్నాత్, పాపదిమిత్రియు, డషాఫ్, ఫెల్డ్‌మన్ ఒక జవాబు ఇచ్చారు. జత కట్టే జీవుల్లో ప్రతి తరంలోనూ జన్యువుల కూర్పు చెదిరిపోతుంది. తల్లిలో అద్భుతంగా కుదిరిన కూర్పు బిడ్డకి యథాతథంగా రాదు. కాబట్టి వరణం అక్కడ "అత్యుత్తమ కూర్పు"ని వెతకడం లేదు. రకరకాల కూర్పుల్లో సగటున బాగా ఆడే ఒక్కొక్క జన్యురూపాన్ని పైకి తెస్తోంది. ఒక కెప్టెన్ కింద, ఒక పిచ్ మీద మాత్రమే సెంచరీలు కొట్టే ఆటగాణ్ణి కాకుండా ఏ టీమ్‌లో వేసినా ముప్పై నలభై కొట్టేవాణ్ణి తీసుకోవడం అన్నమాట. జత కట్టని జీవుల్లో దీనికి ఉల్టా, ఒకే ఒక్క గొప్ప కూర్పు అందర్నీ తుడిచేసి నిలబడుతుంది.

మధూ, నీకు కావలసింది ఒక్క మంచి టైమ్‌టేబుల్. అంటే ఒక్క మంచి కూర్పు. క్రాసోవర్ స్వభావం వేరేదాన్ని పెంచేది. ఇది నీ ఫ్రెండ్ అదృష్టం కాదు, లెక్క ప్రకారమే జరిగింది. చూశావా, జీవశాస్త్రపు పజిల్ ఒకటి కంప్యూటర్ సైన్స్ ప్రశ్నగా మారాకే తెమిలింది.

మధు_సీఎస్ఈ
ఇది చదివి లేచి కూర్చున్నాను. ఇలా ఒక్క స్లైడ్ ఉన్నా పాఠం వేరేలా ఉండేది.

పాతకోడ్
ఇది సంబంధమే, ఒప్పుకోవాలి. అయితే తెమిలింది అనడం ఎక్కువ. జత కట్టడం ఎందుకు నిలబడిందన్న దానికి జీవశాస్త్రంలో ఇంకా చాలా వాదనలు ఉన్నాయి. పరాన్నజీవులతో ఎడతెగని పోటీ వల్ల అని హామిల్టన్ లాంటి వాళ్లు అన్నారు. చెడు మ్యుటేషన్లు పేరుకోకుండా కడగడానికని ముల్లర్ వైపు వాళ్లు అన్నారు.

బైపీసీ_భారతి
పాతకోడ్ గారితో ఏకీభవిస్తాను. అవి ఒకదాన్నొకటి కొట్టేసేవి కూడా కాదు, పక్కపక్కన నడవొచ్చు.

నిరూపణ_కావాలి
సరే, పోటీ జవాబుల్లో ఒకటి అందాం. కానీ దాని వెనక 2014లో ఇంకోటి వచ్చింది. చాస్టైన్, లివ్నాత్, పాపదిమిత్రియు, ఉమేష్ వజీరానీ. ఎంపిక ఒత్తిడి బలహీనంగా ఉన్నప్పుడు, జత కట్టే జనాభాలో జన్యురూపాల శాతాలు తరం తరానికీ మారే సమీకరణం, మనం ఆన్‌లైన్ లెర్నింగ్‌లో (డేటా వస్తున్నకొద్దీ ప్రోగ్రాం నేర్చుకునే పద్ధతుల్లో) చదువుకునే మల్టిప్లికేటివ్ వెయిట్స్ అల్గారిథంతో సరిపోతుందని చూపించారు. ఆడేవాళ్లు జన్యు స్థానాలు, వాళ్ల ఎత్తులు ఆ స్థానంలోని రకరకాల రూపాలు. బాగా ఆడిన ఎత్తు బరువు కొంచెం పెంచు, ఆడనిది కొంచెం తగ్గించు. ఒక్కో స్థానం ఇప్పటిదాకా వచ్చిన లాభాన్నీ, వైవిధ్యాన్నీ రెండింటినీ చూసుకుంటూ నడుస్తున్నట్టు ఆ సమీకరణాన్ని చదవొచ్చు. జనాభా జన్యుశాస్త్రంలో దశాబ్దాలుగా ఉన్న సమీకరణం, సీఎస్‌లో వేరే దారిన పదే పదే కనిపెట్టిన అల్గారిథం, రెండూ ఒకటే. దీన్ని పేరు పోలిక అని ఎలా అంటాం?

విశాఖ_టెస్టర్
థియరీ నాకు అంతగా ఎక్కదు గానీ పనిలో ఎదురైంది ఒకటి చెప్తా. ఇంతకుముందు పని చేసిన కంపెనీలో గోడౌన్‌లో ఆర్డర్లు ఏ వరసలో తీయాలో ఇలాంటి ఎవల్యూషనరీ సెర్చ్‌తో వెతికారు. స్కోరు ఏమిటంటే, షిఫ్టులో పూర్తయిన ఆర్డర్ల సగటు సమయం తక్కువ ఉండాలి. వారంలో గ్రాఫు దిమ్మతిరిగేలా పడిపోయింది, మేనేజర్లంతా ఖుషీ. తీరా చూస్తే బరువైన పెద్ద ఆర్డర్లన్నీ షిఫ్టు చివరికి తోసేసింది. అవి పూర్తి కావు, పూర్తికానివి సగటులోకి రావు. కస్టమర్ల ఫోన్లు వచ్చాకే మాకు అర్థమైంది.

పరిణామం మనకి కావలసింది ఇవ్వదు, మనం కొలిచింది ఇస్తుంది. జెన్‌ప్రోగ్ అని బగ్గుల్ని వాటంతటవే సరిచేసే ప్రోగ్రాం ఉంది, 2009లో వచ్చింది. ఒకసారి సార్టింగ్ కోడ్‌ని సరిచేయమని ఇస్తే అది ఖాళీ లిస్ట్ తిప్పి పంపడం మొదలుపెట్టిందట. ఖాళీ లిస్ట్‌లో వరస తప్పినవి ఏమీ ఉండవు కాబట్టి టెస్టులన్నీ పాస్.

హన్మకొండ_రాజు
కార్ల్ సిమ్స్ 1994లో కంప్యూటర్‌లో తయారు చేసిన బొమ్మ జీవులు కూడా గిట్లనే చేసినయి. నేల మీద వేగంగా పోవాలని స్కోరు పెడితే, నడవడం నేర్చుకోకుండా నిటారుగా ఎత్తుగా పెరిగి ముందుకు పడిపోయినయి. పడేటప్పుడు వచ్చే వేగమే వాటికి మార్కులు.

హార్డ్‌వేర్_హరి
ఈసీఈ వాళ్ల తరఫున ఒకటి. ఇది నాకు ప్రాణం.

1996, సస్సెక్స్ యూనివర్సిటీ, ఏడ్రియన్ థామ్సన్. ఎఫ్‌పీజీఏ (లోపలి సర్క్యూట్‌ని మనం మళ్లీ మళ్లీ మార్చుకోగల) చిప్‌లో 10×10, అంటే వంద గడులు మాత్రమే తీసుకున్నాడు. పని: లోపలికి వచ్చే సిగ్నల్ 1 కిలోహెర్ట్జా, 10 కిలోహెర్ట్జా చెప్పాలి. గడియారపు సిగ్నల్ ఇవ్వలేదు. మామూలు ఇంజనీరైతే ముందు అదే అడుగుతాడు. టైమ్ కొలవడానికి ఏదీ లేకుండా ఫ్రీక్వెన్సీ ఎలా చెప్తాం? కానీ సిమ్యులేటర్‌లో కాకుండా నిజమైన చిప్ మీదే తరాల తరబడి పరిణామం నడిపిస్తే చివరికి తేడా చెప్పే సర్క్యూట్ వచ్చింది.

తర్వాత అసలు వింత. ఏ గడులు అక్కర్లేదో చూద్దామని ఒక్కొక్కటీ కదలకుండా బిగించి చూశారు. అవుట్‌పుట్‌కి తీగల దారే లేని గడులు కొన్ని ఉన్నాయి. కాగితం మీద చూస్తే వాటికి ఏ పనీ ఉండకూడదు. వాటిని బిగిస్తే సర్క్యూట్ పాడైంది! సిలికాన్‌లో మనం డిజైన్‌లో లెక్కలోకి తీసుకోని ఏదో భౌతిక ప్రభావాన్ని పరిణామం వాడేసుకుంది. అదే డిజైన్‌ని అదే చిప్‌లో ఇంకో చోటికి మారిస్తే సరిగ్గా పని చేయలేదు, ఉష్ణోగ్రత బాగా మారినా తేడా వచ్చింది.

మనం డిజిటల్ అని గీత గీసుకున్నాం. చిప్‌కి ఆ గీత తెలియదు. ఈ ఒక్క ప్రయోగం చదివాక జీవుల్లో "ఈ డీఎన్ఏ ముక్క వృథా" అని ఎవరన్నా అంటే నేను వెంటనే ఒప్పుకోలేకపోతున్నాను.

బైపీసీ_భారతి
హరి గారూ, ప్రయోగం అద్భుతం, చివరి మాట మాత్రం జాగ్రత్త. మన డీఎన్ఏలో వృథా నిజంగానే చాలా ఉంది. పెద్ద ఉల్లిగడ్డకీ మనిషికీ పోల్చితే ఉల్లి డీఎన్ఏ మనకంటే ఐదు రెట్లు. అంతా పనికొచ్చేదే అయితే ఉల్లికి అంత పనేముంది?

హార్డ్‌వేర్_హరి
"వెంటనే" అన్నాను మేడమ్. పరీక్ష చేశాక ఒప్పుకుంటాను :)

అన్నట్టు, ఈ పద్ధతి అంతరిక్షానికి కూడా వెళ్లింది. 2006లో నాసా ఎస్టీ5 అని మూడు చిన్న ఉపగ్రహాలు పంపింది. వాటి మీద ఒక యాంటెన్నా నాసా ఎమ్స్ సెంటర్ వాళ్లు పరిణామ పద్ధతిలో చేసింది. అరచేతిలో ఇమిడిపోయే వంకర టింకర తీగ. ఏ పాఠ్యపుస్తకంలోనూ అలాంటి ఆకారం ఉండదు.

పాతకోడ్
ఇవన్నీ చూస్తే జీవులు అంటే పాత లెగసీ కోడ్ అనిపిస్తుంది. అతుకు మీద అతుకు. జిరాఫీ మెడలో స్వరపేటికకి వెళ్లే నరం మెదడు నుంచి కిందకి ఛాతీ దాకా దిగి, గుండె దగ్గరి రక్తనాళం చుట్టూ తిరిగి మళ్లీ పైకి వస్తుంది. మా బ్యాంకింగ్ సాఫ్ట్‌వేర్‌లో ఇలాంటి కాల్స్ బోలెడు.

బైపీసీ_భారతి
అక్కడ ఒక పెద్ద తేడా ఉంది. మీ కోడ్‌ని శనివారం రాత్రి ఆపేసి, సగం పీకేసి, ఆదివారం మళ్లీ రాయొచ్చు. ఆ మధ్యలో అది పని చేయకపోయినా ఫర్వాలేదు. జీవికి ఆ వీలు లేదు. ప్రతి తరమూ బతికి, తిని, పిల్లల్ని కనాలి. చేపల్లాంటి పూర్వీకుల్లో ఆ నరం దారి తిన్నగానే ఉండేది. మెడ సాగుతున్నప్పుడు నరాన్ని తెంచి వేరే దారిలో కలపాలంటే మధ్య దశలోని జంతువు గొంతు పని చేయకుండా బతకాలి. కాబట్టి ఉన్న నరమే సాగింది. ప్రతి అడుగులోనూ నడుస్తూ ఉండాల్సిన ప్రోగ్రాం ఎక్కడెక్కడికి చేరగలదు, ఎక్కడికి చేరలేదు? ఇది కంప్యూటర్ సైన్స్ ప్రశ్న అనే నాకనిపిస్తుంది.

సీత_ఆస్టిన్
భారతి గారి ఆఖరి ప్రశ్నకి ప్రయోగాలతో జవాబు వెతికినవాళ్లు ఉన్నారు. ఒకటి నిజం బ్యాక్టీరియాతో, ఇంకోటి కంప్యూటర్‌లో. రెండింటిలోనూ రిచర్డ్ లెన్‌స్కీ అనే జీవశాస్త్రవేత్త ఉన్నాడు.

1988 ఫిబ్రవరిలో లెన్‌స్కీ ఒకే ఈ.కోలై నుంచి పన్నెండు ఫ్లాస్కులు మొదలుపెట్టాడు. రోజూ అందులో నుంచి వందో వంతు తీసి కొత్త ద్రవంలో వేయడం, ప్రతి 500 తరాలకీ కొంత ఫ్రీజర్‌లో దాచడం. 2022లో ఆ ప్రయోగం ఇక్కడ ఆస్టిన్‌లో మా ఊరి యూనివర్సిటీకి వచ్చింది. సుమారు 31,500 తరాల దగ్గర పన్నెండింటిలో ఒక్క ఫ్లాస్కులో బ్యాక్టీరియా ఆక్సిజన్ ఉండగానే సిట్రేట్ తినడం నేర్చుకుంది. మామూలుగా ఈ.కోలైకి అది చేతకాదు. అప్పుడు ఫ్రీజర్‌లోంచి పాత తరాల్ని తీసి మళ్లీ పెంచారు. బాగా పాత తరాల నుంచి మొదలుపెడితే ఆ శక్తి మళ్లీ రాలేదు. సుమారు 20 వేల తరాలు దాటిన వాటి నుంచి మొదలుపెడితే కొన్నిసార్లు వచ్చింది. అంటే ముందే ఏదో పునాది పడి ఉండాలి.

బ్యాక్టీరియాలో ప్రతి మెట్టునీ చూడటం కష్టం. అందుకే అవిడా అనే సాఫ్ట్‌వేర్. మెమరీలో తమని తాము కాపీ చేసుకునే చిన్న ప్రోగ్రాంలు, కాపీలో తప్పులు, ప్రాసెసర్ సమయం కోసం పోటీ. 2003లో నేచర్‌లో వచ్చిన పేపర్ ఇది. రెండు సంఖ్యల బిట్లు సమానమా కాదా చెప్పే ఈక్యూయూ అనే కష్టమైన పనికి పెద్ద బహుమతి, తేలికైన లాజిక్ పనులకి చిన్న బహుమతులు పెట్టారు. 50 జనాభాల్లో 23 ఈక్యూయూ సాధించాయి. చిన్న బహుమతులన్నీ తీసేసి కష్టమైనదానికి మాత్రమే బహుమతి పెడితే 50లో ఒక్కటి కూడా సాధించలేదు. సాధించిన వాటి చరిత్ర తిరగేస్తే, వచ్చినప్పుడు హాని చేసిన మ్యుటేషన్లు కూడా కొన్ని తర్వాత మెట్లుగా పనికొచ్చాయి.

మధు గారూ, మీ ఫిట్‌నెస్‌లో చిన్న బహుమతులు ఉన్నాయా?

మధు_సీఎస్ఈ
లేవండి. మొత్తం సరిగ్గా ఉంటేనే మార్కులు. రూమ్మేట్ కోడ్ ఇప్పుడే తెరిచి చూశాను, వాడు ఎన్ని క్లాష్‌లు ఉన్నాయో లెక్కపెట్టి తగ్గిస్తూ పోయాడు.

నిరూపణ_కావాలి
అయితే రెండు కారణాలూ కలిశాయి. ముందు క్లాష్‌ల లెక్క పెట్టి నడుపు. ఆ తర్వాత క్రాసోవర్ ఉంచి ఒకసారి, తీసేసి ఒకసారి నడిపి రిపోర్టులో పక్కపక్కన పెట్టు. ఆ పోలికకే మార్కులు ఇవ్వాలి.

లెక్కలమాష్టారు
మన వైపు నుంచి కూడా ఈ కథలో ఒక పాయ ఉంది, చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు.

మీరంతా మెషిన్ లెర్నింగ్ మొదటి క్లాసులో ఐరిస్ డేటా వాడి ఉంటారు. మూడు జాతుల పూలు, ఒక్కోదానికి 50, మొత్తం 150. ఎడ్గర్ ఆండర్సన్ సేకరించిన కొలతలు అవి. రొనాల్డ్ ఫిషర్ 1936లో వాటితో జాతుల్ని వేరు చేసే పద్ధతి చూపించాడు. జనాభా జన్యుశాస్త్రానికి పునాది వేసిన ముగ్గురిలో ఒకడైన ఫిషరే ఈయన. (భారతి గారు చెప్పిన ఎడిట్ దూరం ఫిషర్ వేరే మనిషి.)

ఆ ఫిషర్ దగ్గర 1940ల చివర కేంబ్రిడ్జిలో పీహెచ్‌డీ చేసింది మన సి.ఆర్.రావు గారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం చదివి, కలకత్తా వెళ్లి, అక్కడి నుంచి కేంబ్రిడ్జి మ్యూజియంకి వెళ్లింది దేనికి? సుడాన్‌లోని జెబెల్ మోయాలో తవ్విన ప్రాచీన అస్థిపంజరాల కొలతల్ని విశ్లేషించడానికి. ఎన్నో కొలతలు ఒకేసారి తీసుకుని ఏ గుంపు ఏ గుంపుకి దగ్గర అని తేల్చడం. 1948లో జీవుల వర్గీకరణలో బహుళ కొలతల వాడకం మీద ఆయన చదివిన పేపర్ అక్కడి నుంచి వచ్చిందే. ఈరోజు మీరు ఒక్క లైబ్రరీ కాల్‌తో పిలిచే లీనియర్ డిస్క్రిమినెంట్ (ఫిషర్ చూపించిన ఆ వేరు చేసే పద్ధతే) వెనక పూల రేకులు, పుర్రెల కొలతలు ఉన్నాయి.

బైపీసీ_భారతి
మాష్టారూ, ఐరిస్ పేపర్ అచ్చయిన పత్రిక పేరు ఆనల్స్ ఆఫ్ యూజెనిక్స్ అని కూడా పిల్లలకి చెప్పాలి. ఫిషర్ యూజెనిక్స్‌ని గట్టిగా సమర్థించినవాడు. మనుషుల్ని పై రకం, కింది రకం అని విడదీయాలన్న కోరిక నుంచి కూడా ఈ లెక్కలు కొన్ని పుట్టాయి. లెక్క వాడుకుందాం, ఆ చరిత్రని దాచొద్దు.

లెక్కలమాష్టారు
తప్పకుండా చెప్పాలి. నేను క్లాసులో చెప్తాను.

ప్రశ్నించేవాడు
అవిడాలో బహుమతులు పెట్టింది మనిషే కదా. అంటే ఎవరో ఒకరు డిజైన్ చేసినట్టేగా?

సీత_ఆస్టిన్
బహుమతులు పెట్టింది పరిసరాలు ఎలా ఉండాలో చెప్పడం వరకే. ఎలా సాధించాలో ఎవరూ రాయలేదు. సాధించిన 23 జనాభాలూ 23 వేర్వేరు దారుల్లో వెళ్లాయి. సిట్రేట్ ఉన్న ద్రవం పోసింది లెన్‌స్కీ, దాన్ని తినే జన్యుమార్పుని రాసింది ఆయన కాదు.

హన్మకొండ_రాజు
ఈ ముచ్చట్లన్నీ మా పిల్లలకు ఎప్పుడు తెలుస్తయి? 2023లో ఎన్‌సీఈఆర్‌టీ పదో తరగతి పుస్తకంలో "అనువంశికత, పరిణామం" పాఠంలోంచి పరిణామం తీసేసిన్రు. 1,800 మందికి పైగా శాస్త్రవేత్తలు, టీచర్లు వద్దని ఉత్తరం రాసిన్రు. సీబీఎస్ఈ చదివి ఎంపీసీకి పోయే పిల్లకు పరిణామం అసలు ఎదురే కాదు. ఆమే రేపు ఇలాంటి అల్గారిథంలు రాస్తది.

చిట్టి_తల్లి
మా పాపది సరిగ్గా అదే పరిస్థితి. పదో తరగతి అయిపోయింది. ఈ థ్రెడ్‌ని ప్రింట్ తీసి ఇస్తున్నాను.

నిరూపణ_కావాలి
ఆ పాపకి ఒక్క విషయం నా తరఫున చెప్పండి. డీఎన్ఏ ఆకారం తెలిసింది 1953లో. అంతకు ముందే, 1940ల చివర్లోనే, తనని తాను తయారు చేసుకునే యంత్రం ఎలా ఉండాలో వాన్ నాయ్‌మన్ అనే గణిత శాస్త్రవేత్త ఆలోచించాడు. ఆ యంత్రంలో దాని వర్ణన రాసిన టేపు ఒకటి ఉండాలి. ఆ టేపుని రెండు రకాలుగా వాడాలి: ఒకసారి ఆదేశాలుగా చదివి కొత్త యంత్రాన్ని కట్టాలి, ఇంకోసారి అర్థంతో పని లేకుండా మక్కీకి మక్కీ కాపీ చేసి బిడ్డ యంత్రంలో పెట్టాలి. కాపీలో తప్పు దొర్లితే ఆ తప్పు వంశంలో నిలుస్తుంది. తర్వాత చూస్తే కణం చేస్తున్నదీ అదే. డీఎన్ఏని చదివి ప్రోటీన్లు కట్టడం ఒకటి, చదవకుండా కాపీ చేయడం ఇంకొకటి. జీవుల్లో వెతకకుండా, కాగితం మీద లాజిక్‌తో అక్కడికి చేరాడు.

పాతకోడ్
దీనికి నా దగ్గర ఎదురు వాదన లేదు. 2014 పేపర్ మీద మాత్రం ఉంది. బలహీనమైన ఎంపిక అన్న షరతు తీసేస్తే ఆ పోలిక నిలబడుతుందా? వైరస్‌ల్లో ఎంపిక బలంగా ఉంటుంది కదా.

నిరూపణ_కావాలి
మంచి ప్రశ్న. ఆ షరతు వల్లే జన్యు స్థానాలు ఒకదానికొకటి దాదాపు స్వతంత్రంగా కదులుతాయి. అది లేకపోతే శాతాల్ని విడివిడిగా రాయలేం, ఆ నిరూపణ అక్కడ జారిపోతుంది. ఇక్కడ టైప్ చేయడం కష్టం. ఆదివారం కాల్‌లో కలిసి చదువుదామా? గణితం నేను చూసుకుంటా, జన్యువుల వైపు భారతి గారు.

బైపీసీ_భారతి
నేను సిద్ధం. పాతకోడ్ గారి వైరస్ ప్రశ్నకి కొంచెం డేటా కూడా తెస్తాను.

మధు_సీఎస్ఈ
నేనూ, రూమ్మేటూ ఇద్దరం వస్తాం. టైమ్ ఎప్పుడు?

సీత_ఆస్టిన్
అక్కడ ఆదివారం పొద్దున ఏడున్నర పెట్టండి. మాకు శనివారం రాత్రి తొమ్మిది అవుతుంది, పిల్లలు పడుకుంటారు.